సపోటా పేరు ఎక్కడిది? తరచుగా అడిగే ప్రశ్నలు

మా పెరట్లో సపోటా చెట్టుంది. కాయలు కోసుకెళ్లడానికి వచ్చినవాళ్లు రెండే అడుగుతారు: ఇవి ఎన్నాళ్లకు మాగుతాయి, అసలీ పేరేమిటండీ, మన మాటేనా అని. మొదటిదానికి బియ్యం డబ్బా చూపిస్తే సరిపోతుంది. రెండోదానికి మెక్సికో దాకా వెళ్లి రావాలి. ఇన్నేళ్లలో చుట్టాలు, పక్కింటివాళ్లు, అమెరికా నుంచి ఫోన్ చేసే పిల్లలు అడిగినవన్నీ జవాబులతో సహా ఇక్కడ పెడుతున్నాను.

సపోటా తెలుగు మాటేనా?

కాదు. సంస్కృతమూ కాదు, పుట్టుకతో ఇంగ్లీషూ కాదు. ఇది స్పానిష్ భాషలో ఒక చెట్టు పేరు. వాళ్లు 'సపోతే' అంటారు. తమాషా ఏమిటంటే స్పానిష్ వాళ్లకూ అది సొంత మాట కాదు. మెక్సికోలో అజ్టెక్‌లు మాట్లాడిన నావాత్ల్ భాషలోని 'త్సపోత్ల్' దీనికి మూలం. ఆ భాష చచ్చిపోయిందనుకుంటారేమో, ఇవాళ్టికీ పది లక్షల మందికి పైగా మాట్లాడుతున్నారు.

'త్సపోత్ల్' అంటే అర్థం ఏమిటి?

మెత్తని, తియ్యని పండు. అంతే. ఒక చెట్టుకు పెట్టిన పేరు కాదది, ఒక తరహా పండ్లన్నిటికీ కలిపి వాడిన మాట.

మనకు దుంప అన్న మాట ఉంది చూడండి. బంగాళాదుంప, చిలగడదుంప, చేమదుంప. వీటిలో ఏ రెండూ ఒక కుటుంబం కావు. బంగాళాదుంపకు వంకాయ చుట్టం, చిలగడదుంపకు తూటికూర చుట్టం. అయినా నేలలోంచి తవ్వి ఉడకబెట్టుకు తినేది కాబట్టి మనకు అన్నీ దుంపలే. నావాత్ల్ వాళ్లకు త్సపోత్ల్ అలాంటిది. కోసి చూస్తే గుజ్జు మెత్తగా, తియ్యగా ఉంటే త్సపోత్ల్. ఏ రకమో చెప్పాలంటే ముందు ఇంకో మాట తగిలిస్తారు.

ఈ ఒక్క సంగతి గుర్తుంచుకోండి. కింద వచ్చే గందరగోళాలన్నీ దీంట్లోంచి పుట్టినవే.

అయితే మెక్సికోలో సపోతే అంటే మన సపోటాయే ఇస్తారా?

ఏ ఊళ్లో, ఏ కాలంలో అడిగారన్నదాన్ని బట్టి ఉంటుంది.

'నల్ల సపోతే' ఉంది. పైకి పచ్చగా ఉంటుంది, మాగాక లోపల గుజ్జు చాక్లెట్ రంగుకు తిరుగుతుంది. అది మన తునికి చెట్టుకు దగ్గరి బంధువు, బీడీలు చుట్టే తునికాకు ఇచ్చే చెట్టే. 'తెల్ల సపోతే' ఉంది. అది నిమ్మ, మారేడు, వెలగ కుటుంబం. దాని పాత నావాత్ల్ పేరుకు అర్థం 'నిద్ర సపోతే'. తింటే మత్తు వస్తుందని నమ్మకం. ఇంకొకటి 'మమేయ్'. బయట ఇసుక కాగితంలా గోధుమ రంగు తొక్క, లోపల ఇటుక ఎరుపు గుజ్జు, మధ్యలో నున్నని పొడుగు గింజ. ఇది మన సపోటాకు నిజంగానే చుట్టం.

మన పండు కావాలంటే అక్కడ 'చికోసపోతే' అని అడగాలి.

పేరు చివర 'త్ల్' ఉంది కదా, అది ఎటు పోయింది?

స్పానిష్ నోటికి తిరగక జారిపోయింది. త, ల రెండూ ఒకే దెబ్బలో పలికి చివర గాలి వదలాలి. మనకూ కష్టమే. స్పెయిన్ నుంచి దిగిన వాళ్లు ఆ 'త్ల్' వినిపించిన చోటల్లా 'తే' అని సరిపెట్టుకున్నారు. తోమాత్ల్ తోమాతే అయింది, అదే మన టమాటా. ఆవాకాత్ల్ అగువాకాతే అయింది, అదే అవకాడో. త్సపోత్ల్ సపోతే అయింది.

నిజానికి ఆ 'త్ల్' మాటలో అసలు భాగం కాదు. మన రాముడు, కృష్ణుడులో 'డు' లాంటి ప్రత్యయం. రాముడికి గుడి కడితే రాముడాలయం అనం, రామాలయం అంటాం. అక్కడా అంతే. మాటకు మాట కలిస్తే 'త్ల్' ఊడి 'త్సపో' మిగులుతుంది.

మొదటి అక్షరం సంగతి ఇంకా బాగుంటుంది. నావాత్ల్‌లోని ఆ 'త్స' మన దంత్య చకారమే. 'చాలు', 'చుక్క', 'చాప' అన్నప్పుడు పలికే చ. పాత పుస్తకాల్లో దాని మీద చిన్న గుర్తు పెట్టి వేరు చేసేవారు. కాబట్టి ఆ మాట మొదలును మనవాళ్లు ఇవాళ్టి మాడ్రిడ్ వాళ్లకంటే సరిగ్గా పలకగలరు. చివరికొచ్చేసరికి ఇద్దరం ఓడిపోతాం.

స్పానిష్‌లో మొదటి అక్షరం 'జెడ్' కదా? జపోటే అనాలా?

అనకూడదు. ఇవాళ్టి స్పానిష్‌లో జెడ్‌కు మన 'జ' ధ్వని లేదు. మెక్సికోలోనూ, మిగతా అమెరికా ఖండమంతా అది 'స'. స్పెయిన్‌లో చాలా చోట్ల నాలుక పళ్ల మధ్య పెట్టి 'థ'కు దగ్గరగా పలుకుతారు, అప్పుడది 'థపోతే'లా వినిపిస్తుంది. 16వ శతాబ్దంలో అయితే జెడ్ కూడా రాసేవారు కాదు. తోక ఉన్న 'సి' అక్షరంతో రాసేవారు. జెడ్ తర్వాతి కాలపు రాత.

మరి మనకు 'తే' పోయి 'టా' ఎలా వచ్చింది?

'ఆ'కారం తేలిక. యూరప్ వృక్షశాస్త్రజ్ఞులు ఏ మాటనైనా లాటిన్ స్త్రీలింగంలోకి దించి 'ఆ' తగిలించేవారు. 1703లో షార్ల్ ప్లూమియే అనే ఫ్రెంచి పాదిరీ అమెరికా మొక్కల మీద రాసిన గ్రంథంలో ఈ చెట్టు జాతికి 'సపోటా' అనే పేరే పెట్టాడు. పోర్చుగీసులోనూ ఆకారాంత రూపం ఉంది.

'ట' గురించి నాకో అంచనా ఉంది. పోర్చుగీసు నుంచి నేరుగా వచ్చిన మాటల్లో మనం 'త' నిలుపుకున్నాం: మేస్త్రి, బొత్తాము, తువ్వాలు. వాళ్ల త మన త లాగే పంటి మీద పలుకుతుంది, అందుకు. ఇంగ్లీషు మీదుగా వచ్చినవి మాత్రం 'ట' అవుతాయి: టికెట్టు, టమాటా, హోటలు. ఇంగ్లీషు వాళ్ల ఆ అక్షరం మన చెవికి 'ట'లాగే వినిపిస్తుంది. సపోటాలో ట ఉంది కాబట్టి ఈ మాట ఓడరేవులో పోర్చుగీసు నావికుడి నోటి నుంచి కాక, ఇంగ్లీషు కాలపు తోటల రాతకోతల నుంచి మన నోటికి వచ్చిందని నా నమ్మకం. నావికుడి ద్వారా వచ్చి ఉంటే ఇవాళ బండిమీద 'సపోతాలమ్మా' అని అరిచేవారు.

చీకూ అని కూడా అంటారు కదా, అది వేరే పండా?

అదే పండు. మాట చికోసపోతేలోని మొదటి సగం. మనం రెండో సగం పట్టుకున్నాం, మరాఠీ, గుజరాతీ, హిందీ వాళ్లు మొదటి సగం పట్టుకున్నారు. తమిళం, మలయాళం మనతో ఉన్నాయి. కన్నడంలో రెండూ వినిపిస్తాయి. హైదరాబాద్‌లో జ్యూస్ బండి దగ్గర చీకూ షేక్ అని రాసి ఉంటుంది, పక్కనే తోపుడు బండివాడు సపోటా అని అమ్ముతుంటాడు. ఆ రెండు బండ్ల మధ్య ఒకే మెక్సికన్ మాట రెండు ముక్కలై నిలబడి ఉంటుంది.

'చికో' అంటే స్పానిష్‌లో చిన్న అని కదా? చిన్న సపోతే అనేనా?

స్పానిష్ వచ్చిన వాళ్లందరికీ అలాగే తోస్తుంది, తోచడంలో తప్పూ లేదు. కానీ మూల రూపం నావాత్ల్‌లోని 'షికోత్సపోత్ల్'. అందులో 'షికో' ముక్కను సాధారణంగా 'షికోత్లి' అనే మాటతో కలుపుతారు. అంటే తుమ్మెద. తేనెలా తియ్యనిదని. స్పానిష్ వాళ్లకు 'షికో' అన్నది తమ 'చికో'లా వినబడింది, అర్థం కూడా కుదిరినట్టే అనిపించింది, స్థిరపడిపోయింది. తెలియని మాటను తెలిసిన మాటలోకి లాక్కోవడం అన్ని భాషలకూ అలవాటే.

నిజంగా 'చిన్న సపోతే' అని అర్థం వచ్చే పేరు ఇంకోటి ఉంది. స్పానిష్‌లో సపోతేకు చిన్నరూపం 'సపోతియ్యో'. దీన్నుంచే ఇంగ్లీషు వాళ్లకు 'సపోడిల్లా' వచ్చింది. ఇంగ్లీషు పుస్తకాల్లో మన పండు ఆ పేరుతోనే కనిపిస్తుంది.

ఇక చీకూ దారి ఫిలిప్పీన్స్ మీదుగా సాగింది. స్పెయిన్ ఓడలు 1565 నుంచి 1815 దాకా మెక్సికోలోని అకపుల్కో నుంచి మనీలాకు తిరిగాయి. ఫిలిప్పీన్స్‌లో ఈ పండు నేటికీ 'చికో', మలేసియాలో 'చికు'.

ఈ చెట్టు అజ్టెక్‌ల నేలదేనా?

కాదు. ఇదే నాకు అన్నిటికంటే ఆసక్తిగా అనిపించే విషయం. అజ్టెక్‌ల రాజధాని తెనోచ్‌తిత్లాన్ ఇవాళ్టి మెక్సికో సిటీ ఉన్న చోట, సముద్ర మట్టానికి రెండు కిలోమీటర్లకు పైగా ఎత్తులో ఉండేది. మన సపోటాకు ఆ చలి పడదు. దాని పుట్టిల్లు దక్షిణ మెక్సికో, యుకతాన్, గ్వాటెమాలా, బెలీజ్‌ల వేడి అడవులు. అంటే మాయా ప్రజల నేల. మాయా వాళ్ల భాషలో దాని పేరు 'యా'. అంత పొట్టి, అంత పాత పేరు.

కానీ 1521లో తెనోచ్‌తిత్లాన్ స్పెయిన్ చేతికి చిక్కింది. అప్పటికే అంగళ్లలో, పన్నుల లెక్కల్లో చలామణీలో ఉన్న పెద్ద భాష నావాత్ల్. స్పానిష్ వాళ్లు దుబాసీలుగా పెట్టుకున్నదీ ఆ భాష వచ్చినవాళ్లనే. చెట్టు నీడన వెయ్యేళ్లు బతికిన వాళ్ల పేరు ఊళ్లోనే ఉండిపోయింది, కొండమీద కూర్చుని పండు తెప్పించుకు తిన్నవాళ్ల పేరు ప్రపంచమంతా తిరిగింది.

మాయాలు ఈ చెట్టును పండు కోసమే చూడలేదు. కలప నీళ్లలో వేస్తే మునిగిపోయేంత చిక్కన, చెద పట్టదు. గ్వాటెమాలాలోని టికాల్‌లో 8వ శతాబ్దపు గుళ్ల గుమ్మాల పైన అడ్డదూలాలు ఈ కర్రవే. వాటి మీద రాజుల బొమ్మలు, రాతలు చెక్కారు. తడి అడవిలో పన్నెండు వందల ఏళ్లు నిలిచాయి. వాటిలో కొన్ని 19వ శతాబ్దంలో దేశం దాటి స్విట్జర్లాండ్‌లోని బాసెల్ మ్యూజియానికి చేరాయి. మన ఇళ్లలో సపోటా కొమ్మ విరిగితే పొయ్యిలో పెడతాం.

శాస్త్రీయ నామంలో కూడా సపోటా ఉందా?

ఉంది. పక్కన మన పొరుగు భాష కూడా ఉంది.

1753లో స్వీడన్ వృక్షశాస్త్రజ్ఞుడు లినేయస్ దీనికి 'ఆక్రాస్ జపోటా' అని పేరు పెట్టాడు. ఆక్రాస్ అంటే గ్రీకులో అడవి బేరిపండు. 1953లో వాన్ రోయెన్ దాన్ని మార్చి 'మనిల్కార జపోటా' చేశాడు, ఇప్పుడు చెల్లుతున్నది ఇదే. ఈ మనిల్కార ఎక్కడిదనుకుంటున్నారు? మలయాళం. 1678 నుంచి 1693 దాకా పన్నెండు సంపుటాలుగా వచ్చిన 'హోర్తుస్ మలబారికుస్'లో డచ్చి అధికారి వాన్ రీడ్ కేరళ మొక్కలను అక్కడి పేర్లతోనే ఎక్కించాడు. అందులో 'మనిల్ కార' ఒకటి. 1763లో ఆదాన్సోన్ దాన్ని జాతి పేరుగా తీసుకున్నాడు. కాబట్టి ఇవాళ మన సపోటా పూర్తి పేరులో ఇంటిపేరు మలయాళం, సొంతపేరు నావాత్ల్. మధ్యలో స్పానిష్, లాటిన్ వాళ్లు పెళ్లిపెద్దలు.

ఒక హెచ్చరిక. 'పూటేరియా సపోటా' అని ఇంకో శాస్త్రీయ నామం కనిపిస్తుంది. అది మన పండు కాదు, పైన చెప్పిన ఎర్రగుజ్జు మమేయ్. జెడ్‌తో రాస్తే మనది, ఎస్‌తో రాస్తే వాళ్లది. మొక్కలు తెప్పించుకునేవాళ్లు ఈ ఒక్క అక్షరం దగ్గర మోసపోతుంటారు.

ఇప్ప చెట్టుకూ సపోటాకూ సంబంధం ఉందంటారు, నిజమేనా?

నిజమే. రెండూ ఒకే కుటుంబం. ఆ కుటుంబానికి శాస్త్రజ్ఞులు పెట్టిన పేరు 'సపోటేసీ', సపోటా వంటివి అని. పొగడ కూడా ఇందులోదే. అంటే గోండులు, కోయలు తరతరాలుగా కొలిచే ఇప్పచెట్టు, పురాణాల్లోని వకుళం, ఇద్దరూ లెక్కల పుస్తకంలో మెక్సికో ఇంటిపేరుతో నమోదయ్యారు. వయసులో మన వాడుకకేమీ తక్కువ లేదు, కానీ రిజిస్టరు రాసినవాడి చేతిలో ముందు సపోటా పడింది.

పోలిక చూడాలంటే గింజ చూడండి. సపోటా గింజ నల్లగా, నున్నగా, రుద్దిన నల్లరాయిలా ఉంటుంది, ఒక పక్కన మాత్రం తెల్లటి మచ్చ. ఇప్ప గింజకూ పొగడ గింజకూ ఆ నునుపు, ఆ మచ్చ ఉంటాయి. ఆకు తుంచితే మూడింటికీ పాలు కారతాయి.

నర్సరీలో 'పాల మీద అంటు' అంటారు, ఆ పాల ఏమిటి?

పాలు కాదు, పాల చెట్టు. హిందీలో ఖిర్నీ అంటారు, పసుపుపచ్చని చిన్న పళ్లు కాస్తుంది. మన అడవుల్లో ఎప్పటి నుంచో ఉన్నదే, అదీ మనిల్కార జాతే. సపోటా గింజ నాటితే మొలుస్తుంది గానీ కాపుకు ఏళ్ల తరబడి చూడాలి. అందుకని పాల మొక్కను కింద వేరు భాగంగా ఉంచి దాని మీద సపోటా కొమ్మను అంటు కడతారు. మన నేలకు అలవాటుపడ్డ వేరు కాబట్టి ఎండకు తట్టుకుంటుంది. మీ పెరట్లో సపోటా అంటుమొక్కదైతే నేలకు జానెడు ఎత్తులో కాండం చూడండి, అంటు దగ్గర చెక్కు తీరు మారి ఉంటుంది. దాని కింద ఇక్కడి చెట్టు, పైన అక్కడి చెట్టు.

'పాల' అని ఒక సపోటా రకం కూడా ఉంది. కాయ చిన్నది, కోడిగుడ్డు ఆకారం, గుత్తులుగా కాస్తుంది. దాన్నీ దీన్నీ కలపకండి. ఆంధ్రలో ద్వారపూడి, జొన్నవలస, కీర్తిబర్తి అనే రకాలూ ఉన్నాయి. ఊళ్ల పేర్లు తగిలాయంటే పండు ఇక్కడి వాళ్లలో కలిసిపోయిందన్నమాట. పెద్ద గుండ్రటిదాన్ని అందరూ 'క్రికెట్ బాల్' అనే అంటారు. చూడ్డానికి బాగుంటుంది, గుజ్జు కాస్త గరుకు. నా ఓటు పాలకే. మహారాష్ట్రలోని ఘోల్వడ్ చీకూకు 2016లో భౌగోళిక గుర్తింపు దక్కింది.

సపోటా పాలతో చూయింగ్ గమ్ చేసేవారా?

చేసేవారు, ఆ కథలో కూడా పేరే కీలకం. చెట్టు పాలను గట్టిపరిచిన జిగురును నావాత్ల్‌లో 'త్సిక్త్లి' అనేవారు. స్పానిష్‌లో అది 'చిక్లే' అయింది. ఇవాళ స్పానిష్ మాట్లాడేవాళ్లు ఏ కంపెనీ చూయింగ్ గమ్‌నైనా చిక్లే అనే అంటారు. మనలో కొందరు చిన్నప్పుడు నమిలిన చిక్లెట్స్ పేరు దాని పిల్లే.

వర్షాకాలంలో చిక్లే కార్మికులు నడుముకు తాడు కట్టుకుని చెట్టెక్కి కత్తితో ఏటవాలు గాట్లు పెడతారు. ఆ గాట్లు అటూ ఇటూ వంకర తిరుగుతూ కింది దాకా వస్తాయి. పాలు వాటి వెంటే జారి కింద కట్టిన సంచిలో పడతాయి. వాటిని పెద్ద బానలో కాచి దిమ్మలు పోస్తారు. ఒకసారి గాట్లు పెట్టిన చెట్టును మళ్లీ కొన్నేళ్ల దాకా ముట్టుకోరు. మన గీత కార్మికులను చూసినవాళ్లకు ఆ దృశ్యం పరాయిగా అనిపించదు.

1860ల చివర మెక్సికో మాజీ అధ్యక్షుడు సాంతా అన్నా ప్రవాసంలో న్యూయార్క్‌లో ఉన్నాడు. రబ్బరుకు బదులుగా వాడొచ్చేమో చూడమని అక్కడి థామస్ ఆడమ్స్‌కు చిక్లే అందింది. ఆడమ్స్ ఎంత కుస్తీ పట్టినా రబ్బరు కాలేదు. చివరికి నమలడానికే పనికొస్తుందని తేల్చుకుని 1871లో గమ్ చేసే యంత్రానికి పేటెంట్ తీసుకున్నాడు. 20వ శతాబ్దం మధ్యకు వచ్చేసరికి కృత్రిమ జిగురు చవకై చిక్లే గిరాకీ పడిపోయింది.

ఇంట్లో దీన్ని పరీక్షించాలనుకునే పిల్లలకు ఒక మాట. నేనూ చిన్నప్పుడు పచ్చికాయ కొరికాను. గమ్ రాలేదు. పెదవులు రెండూ అతుక్కుపోయి, నాలుక వగరెక్కి, కొబ్బరినూనె రాసుకుని అరగంట కూర్చోవాల్సి వచ్చింది.

స్పానిష్ మాట్లాడే అన్ని దేశాల్లోనూ ఇదే పేరా?

కాదు. క్యూబా, డొమినికన్ రిపబ్లిక్, వెనిజులా, కొలంబియాల్లో మన పండును 'నీస్పెరో' అంటారు. అది స్పెయిన్‌లో ఇంకో పండు పేరు. గోధుమ రంగు, మాగితేగానీ తినలేని గుణం చూసి, వచ్చినవాళ్లు తమ ఊరి పండు పేరే దీనికి తగిలించేశారు. జమైకాలో ఇంగ్లీషు వాళ్ల నోట అదే 'నేస్‌బెర్రీ' అయింది. అంటే కొత్త చెట్టు ఎదురైతే స్పానిష్ వాళ్లు రెండు పనులు చేశారు: మెక్సికోలో అక్కడివాళ్ల పేరు నేర్చుకున్నారు, దీవుల్లో, వెనిజులా, కొలంబియాల్లో తమ పేరు అంటించారు.

అమెరికాలో ఉంటున్నాం, మెక్సికన్ కొట్లో సపోటా అడిగితే ఎర్ర పండు ఇచ్చారు. ఎందుకని?

మా అన్నయ్య కూతురు ఫోన్‌లో అడిగిన ప్రశ్న ఇది. "బాబాయ్, సపోటా అని రాసుంటే ఎనిమిది డాలర్లు పెట్టి కొన్నాను, కోస్తే లోపల గుమ్మడికాయలా ఉంది" అంది. ఆమె కొన్నది మమేయ్. అక్కడి కొట్లలో సపోటే అన్న చీటీ చాలాసార్లు దానికే ఉంటుంది. మెక్సికన్ కొట్లో చికోసపోతే అనండి, క్యూబన్ కొట్లో నీస్పెరో అనండి, ఇంగ్లీషు చీటీ అయితే సపోడిల్లా చూడండి. మమేయ్ పారేయాల్సిన పండేమీ కాదు, పాలల్లో కొట్టి తాగితే బాగుంటుంది.

సపోటెక్ ప్రజలకూ సపోటాకూ సంబంధం ఉందా? మరి జపాటా?

మొదటిదానికి ఉంది, రెండోదానికి లేదు.

దక్షిణ మెక్సికోలోని వహాకా ప్రాంతపు సపోటెక్ ప్రజలకు ఆ పేరు పెట్టింది నావాత్ల్ మాట్లాడేవాళ్లు. 'త్సపోతేకాత్ల్' అంటే సపోతేలు ఉన్న చోటి వాళ్లు. వాళ్లు మాత్రం తమను తాము అలా పిలుచుకోరు. తెవాంతెపెక్ ప్రాంతంలో 'బిన్నిసా' అంటారు, మబ్బుల మనుషులు అని అర్థం. 19వ శతాబ్దంలో మెక్సికో అధ్యక్షుడైన బెనితో హువారెస్ సపోటెక్ కుటుంబంలోనే పుట్టాడు.

విప్లవ నాయకుడు ఎమిలియానో సపాతా ఇంటిపేరు మాత్రం అచ్చ స్పానిష్. సపాతా, సపాతో అంటే చెప్పులు, బూట్లకు సంబంధించిన మాటలు. చెట్టుతో ఏ చుట్టరికమూ లేదు.

ఈ చెట్టు పేరుతో ఊళ్లు ఉన్నాయా?

బోలెడు. గ్వాదలహారా నగరాన్ని ఆనుకుని ఉన్న సపోపాన్ అంటే సపోతేలు ఉన్న చోటు. సపోతిత్లాన్ అంటే సపోతేల నడుమ. మనకు చింతలపూడి, మామిడికుదురు, మర్రిపాడు ఉన్నట్టే. ఫిలిప్పీన్స్‌లో మనీలా పక్కన సపోతే అనే నదే ఉంది. దాని వంతెన దగ్గర 1897లో స్పెయిన్‌తోనూ, 1899లో అమెరికాతోనూ ఫిలిప్పీన్స్ వాళ్లు యుద్ధాలు చేశారు.

స్పానిష్ వాళ్లకు ఈ పండు నచ్చిందా?

మెక్సికోలోనే పుట్టి పెరిగినవాళ్లకు విపరీతంగా. హోసే దె అకోస్తా అనే జెస్యూట్ పాదిరీ 1590లో అచ్చయిన తన గ్రంథంలో చికోసపోతే సంగతి రాశాడు. స్పెయిన్ పండ్లన్నీ దీని ముందు దిగదుడుపేనని అక్కడి స్పానిష్ సంతతి వాళ్లు అంటారట. తనకు మాత్రం అలా అనిపించలేదని, రుచుల మీద వాదం పెట్టుకోకూడదని, పెట్టుకున్నా అది రాయదగ్గ వాదం కాదని దులిపేసుకున్నాడు. ఆయనకు ఎవరో సరిగ్గా మాగని కాయ పెట్టి ఉంటారని నా అనుమానం.

కాయ ముదిరిందో లేదో ఎలా తెలుస్తుంది?

పేరుకు సంబంధం లేదు గానీ ఎక్కువ మంది అడిగేది ఇదే. పైన ఉన్న గోధుమ రంగు పొడి రాలడం మొదలవ్వాలి. గోటితో తొక్క మీద చిన్నగా గీరండి. లోపల ఆకుపచ్చ కనిపించి పాలు ఊరితే ఇంకా ఉంచండి. పసుపు రంగు కనిపిస్తే కోయండి. తొడిమ దగ్గర కారే పాలు ఆరనిచ్చి, కడిగి, బియ్యంలోనో గడ్డిలోనో పెడితే నాలుగైదు రోజుల్లో మాగుతాయి. తినేటప్పుడు పిల్లలకు గింజ తీసి ఇవ్వండి. గింజ కొసన చిన్న కొక్కెం ఉంటుంది, గొంతులో పట్టుకుంటుంది.

ఈ మాట స్పానిష్ వాడుకలో ఇంకెక్కడైనా కనిపిస్తుందా?

మెక్సికోలో ఎవరైనా కాలు జారి దభీమని పడితే 'సపోతాసో' అంటారు. మాగిన సపోతే కొమ్మ మీద నుంచి నేలకు పడినప్పటి దెబ్బ అని. మనం తాటిపండు పడ్డట్టు పడ్డాడు అంటాం. మా చెట్టు కింద రేకుల షెడ్డు ఉంది. గబ్బిలాలు కొరికి వదిలేసిన పళ్లు రాత్రిళ్లు దాని మీద పడుతుంటాయి. మా ఆవిడ ఉలిక్కిపడి లేచి ఎవరో వచ్చారంటుంది. సపోతాసో, పడుకో అంటాను.